తెలుగులో పెట్టిన శాపం

దీన్ని చాలా ఏళ్ళుగా మోస్తున్నాను. మోయడమంటే రోజూ బరువుగా ఉంటుందని కాదు. నెలల తరబడి మరిచిపోతాను కూడా. కారు సర్వీసుకి ఇచ్చి వెయిటింగ్ రూములో కూర్చున్నప్పుడు గోడ మీది టీవీలో ఏదో పాత సినిమా నడుస్తుంటుంది. అందులో ఒక ముసలామె నోరు తెరుస్తుంది. అంతే. లేచి బయటికి వెళ్ళిపోతాను. ఒక మనిషి బతుకులో నిజంగా జరిగినదాన్ని జరగలేదని చెప్పాను నేను. పొరపాటున కాదు. తెలిసే చెప్పాను.

మీరెవరో నాకు తెలియదు. నేనెవరో మీకు చెప్పను. కాబట్టి ఒక విషయం దాచకుండా చెప్పగలను. ఆ పెద్దావిడంటే నాకు ఇష్టం ఉండేది కాదు. పోయినవాళ్ళ మీద ఇష్టం పుట్టుకొస్తుందంటారు. నాకు పుట్టలేదు. ఆవిడ నవ్వు తలచుకుంటే ఇప్పటికీ ఒళ్ళు మండుతుంది. చేసిన పనికి సిగ్గుపడుతూనే, ఎవరికి చేశామో ఆ మనిషి మీద కోపం మిగుల్చుకోవచ్చా? నాకైతే మిగిలింది.

మాది నిజామాబాద్ దగ్గర. చదివింది పాలిటెక్నిక్ డిప్లొమా. నా భార్యకి అమెరికాలో ట్రాయ్ అనే ఊళ్ళో, కార్ల కంపెనీలో సాఫ్ట్‌వేర్ ఉద్యోగం వస్తే ఆమె వెంట డిపెండెంట్ వీసా మీద వచ్చాను. ఆ వీసా మీద నేను ఉద్యోగం చేయకూడదు. పొద్దున ఆమెను ఆఫీసు దగ్గర దింపాక సాయంత్రం వరకు నాకంటూ ఉన్న చోటు పబ్లిక్ లైబ్రరీ. తలా ఒక వంట తెచ్చుకునే శనివారం పాట్‌లక్‌లలో మగవాళ్ళు పేపరు ప్లేట్లు పట్టుకుని అడిగే మొదటి ప్రశ్న, ఎక్కడ చేస్తున్నారు అని. నేను చదువుకుంటున్నా అనేవాణ్ణి. ఏ యూనివర్సిటీ అనేవారు. లైబ్రరీ అనేవాణ్ణి. వాళ్ళ చూపు నా భుజం మీదుగా వెనక ఎవరున్నారా అని వెతికేది.

కానీ చదివాను. ఆ మాట తగ్గించి చెప్పను. డిగ్రీలున్న వాళ్ళలో నాలా చదివినవాణ్ణి ఆ ఊళ్ళో నేను చూడలేదు. సినిమా మీద ఆ లైబ్రరీలో ఉన్న పుస్తకాలన్నీ అయిపోయాక, ఫ్రెంచి సినిమా గురించి ఇంగ్లిషులో రాసినవి సరిపోక, ఒక వ్యాకరణం, ఒక నిఘంటువు పెట్టుకుని ఫ్రెంచి నేర్చుకున్నాను. కంటితో నేర్చుకున్నాను. మాట్లాడేవాళ్ళు ఎవరూ లేరు కనుక చెవితో నేర్చుకునే వీలు లేదు. ఈ తేడా అప్పుడు నాకు పట్టలేదు.

లైబ్రరీలో ఒక మీటింగ్ రూము అడిగి తీసుకుని నెలకో ఆదివారం మధ్యాహ్నం తెలుగువాళ్ళకి విదేశీ సినిమాల గురించి చెప్పేవాణ్ణి. పది పదిహేను మంది వచ్చేవారు. సగం మంది తమ పిల్లల్ని కింద కథలు చెప్పే గదిలో వదిలి, పైన కూర్చోవడానికి వచ్చేవారు. నన్ను ప్రొఫెసర్ అని పిలిచేవారు. అందులో ఎగతాళి ఉందని తెలుసు. తెలిసినా ఆ పిలుపు నాకు కావాలి. అక్కడ ఆ గంటన్నర సేపు ఎక్కడ చేస్తున్నారని నన్ను ఎవరూ అడిగేవారు కాదు.

ఆదిలక్ష్మిగారు అక్కడికే వచ్చారు. మా గ్రూపులో నళిని అనే ఫార్మసిస్టు ఉంది. ఈవిడ ఆమె తల్లి. భర్త పోయాక కాకినాడలో ఇల్లు అద్దెకిచ్చి కూతురి దగ్గరికి వచ్చేశారు. డెబ్బై దాటాయి. ముతక నేత చీర, దాని మీద అల్లుడి జాకెట్, కాళ్ళకి మంచులో నడిచే బూట్లు. చివరి వరసలో కూర్చున్నారు.

ఆ రోజు నేను ఎంచుకున్నది అంతగా పేరు తెలియని ఒక ఫ్రెంచి దర్శకుడు. అందరికీ తెలిసినవాళ్ళ గురించి చెప్పడం నా పద్ధతి కాదు. ఆయన పేరు బెర్ట్రాండ్ మాడ్రెట్ అని చెప్పాను. కనబడిన అక్షరమల్లా పలికాను. తెలుగువాణ్ణి. రాసిపెట్టి పలకకుండా వదిలేసే అక్షరం మనకి ఎక్కడుంది?

వెనక నుంచి నవ్వు వినబడింది. పెద్ద నవ్వు. ఆపుకోవడానికి ప్రయత్నం కూడా చేయని నవ్వు.

"బాబూ, మీరు చెబుతున్నది మోద్రేగారి గురించా అండీ? బెర్త్రా మోద్రే. వాళ్ళు రాసిందంతా పలకరండి. సగం మింగేస్తారు. మీరిలా అక్షరాలన్నీ కక్కేస్తే ఆయన తన పేరేనని గుర్తు కూడా పట్టడు."

గది మొత్తం నవ్వింది. ముందు వరసలో ఒక కుర్రాడు, "ప్రొఫెసర్ సాబ్, మింగేయండి, మింగేయండి" అన్నాడు. ఆ తర్వాత ఇండియన్ స్టోర్‌లో కొత్తిమీర కట్టలు ఏరుకుంటుంటే కూడా ఎవరో ఒకరు వచ్చి, "ఏం మాస్టారూ, మింగేశారా?" అనేవారు. చిన్న విషయమే కదా. వేరేవాడైతే తనూ నవ్వి ఊరుకునేవాడు. వేరేవాడికి ఉద్యోగం ఉండేది. నాకు ఆ పేర్లు తప్ప ఏమున్నాయి?

నవ్వులు ఆగాక ఎవరో అడిగారు, ఫ్రెంచి మీకెలా తెలుసు ఆంటీ అని. "మాది యానాం కదండీ" అన్నారావిడ. "మోద్రేగారి సినిమాలో నేను వేశాను."

అక్కడితో నా ఆదివారాలు నావి కాకుండా పోయాయి.

ఆవిడ చెప్పిన కథ ఇది. యానాం ఫ్రెంచివాళ్ళ చేతిలోంచి వచ్చేసిన కాలంలో కొన్ని కుటుంబాలు ఫ్రెంచి పౌరసత్వం ఉంచుకున్నాయి. ఆవిడ మేనమామ ఫ్రెంచి సైన్యంలో పనిచేసి ప్యారిస్ పక్కన స్థిరపడ్డాడు. తండ్రిలేని పిల్ల కనుక ఆయన వెంట వెళ్ళింది. కుట్టుపని వచ్చు. ఒక స్టూడియోలో దుస్తులు కుట్టే విభాగంలో చేరింది. ఇండియా కథతో ఏదో సినిమా తీస్తూ ఫ్రెంచి నటికి చీర కట్టడానికి ఈవిడను పిలిచారు. చీర కడుతుంటే కెమెరా పట్టేవాడు చూసి, ఈ చేతులు బాగున్నాయన్నాడు. అలా మొదటి వేషంలో చేతులే కనిపించాయి. పళ్ళెం బల్ల మీద పెట్టే చేతులు.

తర్వాత మనిషి మొత్తం కనబడటం మొదలైంది. ఆదిలక్ష్మి అన్న పేరు వాళ్ళ నోటికి తిరగక విరగ్గొట్టి ఆదెల్ లష్మీ చేశారు. నర్సు, పనిమనిషి, జిప్సీ, చెయ్యి చూసి జాతకం చెప్పే మనిషి, నాట్యగత్తెల వరసలో ఆ చివరి పిల్ల. "ఏ దేశం మనిషి కావాలన్నా నాకే కబురండి. నల్లగా ఉంటే చాలు వాళ్ళకి. ఒక సినిమాలో శవం వేషం కూడా వేశాను. అన్నిట్లోకీ అదే సుఖం, హాయిగా పడుకోవచ్చు." అందరూ పొట్ట పట్టుకుని నవ్వేవారు. అయిదారేళ్ళు అలా గడిచాక తల్లి పెళ్ళి చేస్తానని పిలిపించింది. ఫొటోలన్నీ పొయ్యిలో పెట్టింది. పెళ్ళికొడుకు హెడ్‌మాస్టరు. ఇంట్లో సినిమా మాట వినబడకూడదు. వేషాలు వేసినదాన్ని చేసుకున్నానని ఆయనకి తెలియదు. పిల్లలకీ తెలియదు. ఆయన పోయేదాకా ఆవిడ నోరు విప్పలేదు.

ఒకసారి "నేనక్కడ కొమెదియెన్‌నండి" అన్నారు. "ఆంటీ, మీరు కమెడియనా, అదీ సంగతి" అన్నాడు అదే కుర్రాడు. మళ్ళీ నవ్వులు. ఫ్రెంచిలో ఆ మాటకి నటి అని అర్థం. గంభీరమైన వేషాలు వేసేవాళ్ళనీ అలాగే అంటారు. నాకు తెలుసు. ఆ గదిలో ఆవిడ కాక తెలిసినవాణ్ణి నేనొక్కణ్ణే. ఆవిడ నా వైపు చూశారు కూడా, మీరు చెప్పండి అన్నట్టు. నేను నా కాగితాలు సర్దుకున్నాను. జరగబోయేదాని రుచి నాకు అప్పుడే తెలిసిందేమో.

ఆవిడ గొప్పగా చెప్పుకునే వేషం మాత్రం ఒకటి ఉంది. మోద్రే తీసిన సినిమాలో రాజమాత. కెంపు దొంగిలించిన ఫ్రెంచివాణ్ణి శపించాలి. సంభాషణ రాసి ఇవ్వలేదట. నీ భాషలో ఏదో ఒకటి తిట్టు, మేము కింద అక్షరాలు వేసుకుంటాం అన్నాడట దర్శకుడు. "తెలుగులో దంచేశానండి" అన్నారావిడ. ఏమన్నారని అడిగితే చెప్పేవారు కాదు. "సినిమాలో ఉంది కదండీ. చూసుకోండి."

చూసుకోవాలనే బయలుదేరాను. ఆవిడ అబద్ధం చెబుతోందని తేల్చాలి. అంతకు మించి నాకే ఉద్దేశమూ లేదు. వారాల తరబడి వెతికాను. ఇంటర్నెట్‌లో ఆవిడ పేరు ఎక్కడా లేదు. నాకెంత సంతోషమైందో చెప్పలేను. చివరికి ఒక యూనివర్సిటీ నుంచి తెప్పించుకున్న లావుపాటి ఫ్రెంచి సినిమా నిఘంటువులో, ఆ సినిమా కింద, నటీనటుల వరసలో అన్నిటికంటే చివర ఆదెల్ లష్మీ అని ఉంది. సరే, పేరుంది. ఈవిడేనని ఏముంది? మోద్రే పాత సినిమాలు కొన్ని డీవీడీలుగా వచ్చాయని తెలిసి, వేరే రాష్ట్రపు లైబ్రరీ నుంచి ఆ సినిమాను కూడా తెప్పించాను.

లైబ్రరీలో హెడ్‌ఫోన్స్ పెట్టుకుని సినిమాలు చూసే చిన్న గదులుంటాయి. అక్కడ కూర్చుని చూశాను. నలుపు తెలుపు. అట్టముక్కల కోట, పరదా మీద గీసిన గంగ. సినిమా సగంలో మెట్ల మీద రాజమాత కనబడింది. జుట్టుకి తెల్లపిండి కొట్టారు. కళ్ళ కింద గీతలు గీశారు. ఇరవై దాటిన పిల్లకి ముసలి వేషం. కాని ఆ గడ్డం, ఆ ముక్కు, నవ్వబోయే ముందు పైకి లేచే ఆ ఎడమ కనుబొమ. ఆదిలక్ష్మిగారే. చెయ్యి చాపి, కళ్ళు ఉరిమి, గుండెలు అదిరే గొంతుతో శపించింది. గంగమ్మ నీ రక్తం తాగుతుంది, నీ వంశం నీతోనే ఆరిపోతుంది అని కింద ఇంగ్లిషు అక్షరాలు వస్తున్నాయి.

పైన వినబడుతున్నది ఇది.

"పొద్దున్నించి నిలబెట్టేసారు కదరా, కాళ్ళు పీకేస్తన్నాయి. నెత్తినిండా పిండి కొట్టి సంపేసారు, దురద. ఇంత వేడన్నం, చింతకాయ పచ్చడి పడేసినోడికి ఈ కెంపేటి, కోటంతా రాసిచ్చేస్తాను. ఓరి దొంగసచ్చినోడా, బేగా సచ్చి నన్ను ఇంటికి పంపరా."

నవ్వాను. గట్టిగా నవ్వేశాను. అద్దంలోంచి లైబ్రేరియన్ తొంగిచూసింది. వెనక్కి తిప్పి మళ్ళీ చూశాను. నవ్వుతూ నవ్వుతూ ఉండగా కళ్ళు తడిశాయి. తెలుగు సినిమాల్లో కూడా అంత నిజమైన తెలుగు నేను వినలేదు. వేల మంది ఫ్రెంచివాళ్ళు భయపడి చూసిన శాపం అది. అందులో ఆకలి తప్ప ఏమీ లేదని ఆ రోజు ఆ భవనంలో తెలిసినవాణ్ణి నేను. అప్పుడు నాలో ఇంకొకటి కదిలింది. ఇది నేను కనిపెట్టాను అనిపించింది. ఏ పుస్తకంలోనూ లేనిది, ఏ ప్రొఫెసరుకీ తెలియనిది. రాస్తే నా పేరు నిలబడుతుంది. ఆ వెంటనే, కాదు, నిలబడేది ఆవిడ పేరు అని తోచింది. నేను ఆవిడ కథకి సాక్షిని మాత్రమే. నాకు మళ్ళీ వెనక వరసే.

చెప్పకూడదని అప్పుడే అనుకున్నానా? లేదు. నిజంగా లేదు. వచ్చే ఆదివారం చెబుదామనే అనుకున్నాను. ఎలా చెబితే నేను గొప్పగా కనబడతానో మాటలు కూర్చుకుంటున్నాను. ఈలోగా నళిని ఇంటికి రమ్మని ఫోన్ చేసింది.

ఆవిడ స్టవ్ మీద పాలు పెట్టి వాకింగ్‌కి వెళ్ళిపోయారట. అలారం మోగింది. ఫైరింజన్ వచ్చింది. అంతకుముందు ఒకసారి దారి తప్పారు. డాక్టరు పరీక్షలు చేస్తున్నాడు. నేను వెళ్ళేసరికి నళిని, ఆమె భర్త కిచెన్ బల్ల దగ్గర ఉన్నారు. ఎదురుగా సోఫాలో ఆవిడ.

"నెక్స్ట్ వీక్ మళ్ళీ అపాయింట్‌మెంట్ అన్నయ్యా" అంది నళిని. "జరగనివి జరిగినట్టు చెబుతారా అని డాక్టర్ అడుగుతున్నారు. నాకేం తెలుస్తుంది? పుట్టినప్పటి నుంచి ఒక్క ముక్క చెప్పని మనిషి ఇప్పుడు ప్యారిస్ అంటోంది, సినిమా అంటోంది. మీరు చదివినవారు. ఆ సినిమా తెప్పించారట కదా. చూశారా?"

"చూసిన."

"అమ్మ ఉందా అందులో?"

ఉన్నారు అనే మాట నోటిదాకా వచ్చింది. ప్రమాణం చేసి చెప్పగలను, వచ్చింది. సోఫాలోంచి ఆవిడ అన్నారు, "చెప్పండి బాబూ. పేర్లు ఎలా పలికినా పరవాలేదు, చెప్పేయండి."

నళిని భర్త మూతి బిగించుకుని నవ్వు ఆపుకున్నాడు.

"లేరు" అన్నాను. "ఆ వేషం ఎవరో వేరే ఆమెది. తెలుగు లేదు అందుల. ఉత్త గొణుగుడు."

ఆవిడ ముఖం వెంటనే మారలేదు. నేను సరదాకి అన్నాననుకున్నారు. నేను ఏ మాటా కలపకపోవడం చూశాక మారింది. కోపం రాలేదు. గొడవ పెట్టలేదు. నళిని డీవీడీ అడిగి తాను చూడవచ్చు. అడగలేదు. అప్పుడది నా బ్యాగులోనే ఉంది. మరునాడే తిరిగి పంపించేశాను. కూతురివి కదా, నువ్వెందుకు చూడలేదు అని చాలాసార్లు మనసులో ఆమెను నిలదీశాను. తప్పును పంచుకోవడానికి మనిషి దొరికితే ఎంత తేలికో. కాని ఆమె నన్ను నమ్మింది. ఆ ఊళ్ళో నా చదువును నిజంగా నమ్మిన మొదటి మనిషి ఆమేనేమో. నమ్మినందుకు నేను ఇచ్చింది ఇది.

కొన్ని నెలలకి ఆవిడను మతిమరుపు ముసలివాళ్ళుండే ఒక మెమరీ కేర్ ఇంట్లో చేర్చారు. నా మాట వల్లేనా? పాలు మాడిన మాట నిజం. దారి తప్పిన మాటా నిజం. డాక్టరు ఒక్క నా మాట మీద నిర్ణయించడు. ఇదంతా నాకు నేను ఎన్నోసార్లు చెప్పుకున్నాను. బాగా కూర్చిన వాదన. చదువుకున్నవాడి వాదన. అయితే లేనిపోనివి నిజమని నమ్ముతారు అని ఆవిడ గురించి అక్కడ రాసి ఉందని నళినే చెప్పింది. ఆ ముక్క మాత్రం నాది.

చలికాలంలో ఒకసారి చూడటానికి వెళ్ళాను. నిజం చెప్పాలనే వెళ్ళాను. మధ్యాహ్నం. హాల్లో టీవీ ముందు నలుగురు నిద్రపోతున్నారు. ఆవిడ కిటికీ దగ్గర, నైటీ మీద స్వెటరు వేసుకుని కూర్చుని ఉన్నారు. చిక్కిపోయారు. నన్ను చూడగానే గుర్తుపట్టారు.

"మీరా బాబూ. కూర్చోండి. ఇక్కడ సినిమా మాట ఎత్తకండేం. ఎత్తితే రాసుకుంటారు. రాసుకుంటే మాత్ర పెంచుతారు."

కూర్చున్నాను. ఆవిడ అటూ ఇటూ చూసి కుర్చీ దగ్గరికి జరుపుకున్నారు.

"ఒకటి అడుగుతాను. అమ్మాయి లేదిక్కడ, అల్లుడుగారూ లేరు. మిమ్మల్ని చూసి నవ్వానని కోపం ఉంటే కాసేపు పక్కన పెట్టండి. నాకు ఆ మెట్లు కనబడతాయండి. దీపాల వేడి తెలుస్తుంది. నెత్తి మీద పిండి వాసన కూడా తెలుస్తుంది. కాని నోరు తెరిచాక... అన్నానా, అన్నాననుకున్నానా? రోజూ ఇదే ఆలోచన. మీరు చూశారు కదా. నేనున్నానా అందులో?"

ఎవరూ వినడం లేదు. నవ్వేవాళ్ళు లేరు. ఆవిడ గొంతులో వెటకారం లేదు. నన్ను అడ్డుకోవడానికి అక్కడ ఏమీ లేదు. ఇది ఎన్నిసార్లు తిరగేసి చూసుకున్నా అక్కడ ఏమీ లేదు. ఇప్పుడు ఉన్నారు అంటే, మరి ఆ రోజు ఎందుకు కాదన్నావు అని అడుగుతుంది. కూతురికి చెబుతుంది. కూతురు వచ్చి నన్ను అడుగుతుంది. నా తలలో తిరిగింది ఇంతే. ఆవిడ గురించి ఒక్క ఆలోచన కూడా లేదు.

"గుర్తు లేదు ఆంటీ."

"గుర్తు లేదా?"

"చానా రోజులైంది కదా."

ఆవిడ నా చేతి మీద రెండుసార్లు తట్టారు.

"అయితే మీకూ మొదలైందన్నమాట. డాక్టరుకి చూపించుకోండి బాబూ. ముందే చూపించుకుంటే మంచిది."

జాలిపడి అన్నారో, కొట్టడానికే అన్నారో నాకు తెలియలేదు. ఇప్పటికీ తెలియదు. ఎడమ కనుబొమ లేచిందా? నేను చూడలేదు. తల దించుకుని జాకెట్ జిప్పు పెట్టుకుంటున్నాను. ఆ రోజు నుంచి ఆవిడ తన బతుకును తానే అనుమానిస్తూ గడిపారా, లేక నన్ను మనసులో తిట్టుకుంటూ గడిపారా? రెండోదే కావాలని కోరుకుంటాను. నన్ను తిట్టుకుని ఉంటే, తాను ఆ మెట్ల మీద నిలబడ్డానన్న నమ్మకం ఆవిడకి చివరిదాకా మిగిలి ఉంటుంది.

మరుసటి వేసవిలో పోయారు. అంత్యక్రియల దగ్గర నళిని నా భార్యను పట్టుకుని ఏడ్చింది. తర్వాత నా దగ్గరికి వచ్చి, "థాంక్స్ అన్నయ్యా. ఆ రోజు మీరు క్లియర్‌గా చెప్పబట్టి మేం డిసైడ్ అవగలిగాం. లేకపోతే ఇంకా కథలు నమ్ముతూ కూర్చునేవాళ్ళం" అంది. నేను తలూపాను. ఆ థాంక్స్ కూడా తీసుకున్నాను.

నాకు తర్వాత పని చేయడానికి అనుమతి వచ్చింది. ఉద్యోగం దొరికింది. ఇప్పుడు ఎక్కడ చేస్తున్నారని అడిగితే చెప్పడానికి కంపెనీ పేరుంది. ఆదివారం మీటింగులు మానేశాను. ఫ్రెంచి పుస్తకం ముట్టుకోను. నళిని అదే ఊళ్ళో ఉంది. ఎదురుపడితే నవ్వుతుంది. ఆమెకి ఎందుకు చెప్పను? చెబితే, తల్లి నిజమే చెబుతుంటే మతి చలించిందనుకుని వదిలేశానన్న బాధ ఆమెకి మిగులుతుంది కదా, అది ఎందుకు అని నాకు నేను చెప్పుకుంటాను. వినడానికి దయలాగే ఉంటుంది. ఆమె మీద దయా, నా ముఖం మీద దయా? ఇది పేరు లేకుండా రాస్తున్నాననే నిజమే దానికి జవాబు. ఊళ్ళూ పేర్లూ ఒకటి రెండు మార్చాను కూడా. యానాం మార్చలేదు. ఆవిడ పేరులో ఆదిలక్ష్మిని మార్చలేదు. నళిని చదివితే తెలుసుకుంటుంది. చదవాలని ఉందా నాకు? ఉంది. భయంగా కూడా ఉంది.

నన్ను క్షమించమని ఎవరినీ అడగడం లేదు. అడగాల్సిన మనిషి లేరు. ఉన్నా నేను అడిగేవాణ్ణో లేదో. రాస్తుంటే మాత్రం ఇన్నేళ్ళలో మొదటిసారి ఊపిరి మొత్తం లోపలికి వెళ్తోంది. అదీ నాకు దక్కకూడదేమో, కాని వెళ్తోంది.

ఆ డీవీడీ ఇంకా ఏదో ఒక లైబ్రరీలో ఉండే ఉంటుంది. బెర్త్రా మోద్రే తీసిన నలుపు తెలుపు సినిమా. సగంలో ఒక కోట, మెట్ల మీద తెల్లజుట్టు రాజమాత, చెయ్యి చాపి శపిస్తుంటుంది. మీ కంటపడితే కింద వచ్చే అక్షరాలు చదవకండి. ఆవిడ తెలుగులో మాట్లాడుతోంది.